‘మా భూమి’ జూడవోయిన ముచ్చట

పుల్లలు జర లోపటికి దోయి బిడ్డా, పొగంత ఇటే వస్తున్నది. ఆఁ, ఇగ మంచిగున్నది. ఇనుండ్రి మల్ల. మాపటీలి ఫోన్ల జూస్తిరి గద, నల్ల తెల్ల బొమ్మ, ‘మా భూమి’. "తాతా, ఇది నిజంగ అయిందా, కథనా?" అని అడిగె మీ తమ్ముడు. రెండును. రాసినాయిన మనూరోడు గాదు, తీసినాయిన మన భాషోడు గాదు. అండ్ల పడ్డ దెబ్బలు మాత్రం మనయి. అయి వడేటప్పుడు నేను గొర్లెంబడి తిరిగే పోరన్ని. అయే తెర మీదికి వచ్చేటాళ్లకు నలుబై దాటినోన్ని. దాని ముచ్చట జెప్పెతందుకు నాకు జర అక్కున్నదనే అనుకుంట.

ముందుగాల గడీ సంగతి. మీకు ఎరుకైన మనూరి గడీ అంటె తుమ్మచెట్లు మొలిచిన మొండి గోడలు, అండ్ల మేకలు గట్టేస్తరు. అప్పట్ల ఆ గోడలు తాడిచెట్టెత్తు, మూలమూలకు బురుజు. దర్వాజ ముందట్నుంచి పోవాల్నంటె చెప్పులిడిసి చేత్ల వట్టుకోవాలె. నెత్తికున్న రుమాలు ఇప్పి నడుముకు సుట్టుకోవాలె. దొర లోపట ఉన్నడా, హైద్రబాదు పోయిండా అన్న మాటే లేదు. తలుపుకే దండం. ఓపారి ఆటల మీద వడి నెత్తిగుడ్డ తోనే ఆ ముందట్నుంచి ఉరికిన. కావలోడు చెవు వట్టి గుంజుకచ్చి ఎండల ఒంగవెట్టిండు, ఈపు మీద బండ వెట్టిండు. ఏడ్వలే. ఏడిస్తె మా నాయినను పిలుస్తరు, పిలిస్తె ఆయిన ఈపు మీద ఇంకా పెద్ద బండ వెడ్తరు. ఆ లెక్క చిన్న పోరగాండ్లకు సుత ఎరుకే ఉంటుండె.

వెట్టి అంటె బొమ్మల జూసింది తక్కువనే. మాదిగోళ్లు చెప్పులు గుట్టియ్యాలె, మోటకు తోలియ్యాలె. కుమ్మరోళ్లు కుండలియ్యాలె. చాకలోళ్లు బట్టలు ఉతుకుడే గాదు, గడీ ఇంట్ల పని సుత జెయ్యాలె. గౌండ్లోళ్లు దొరకని చెట్లిడిసి ఆ కల్లు పొద్దు మాపు గడీకి మొయ్యాలె. మంగలాయిన మాపటికి దొర కాళ్లు వట్టాలె. బోయీలు మేనా మొయ్యాలె. మనం కురుమోళ్లం. పండుగొచ్చినా, తాసిల్దారొచ్చినా, దొర బిడ్డకు జరమొచ్చి తగ్గినా మంద నుంచి ఒక గొర్రె పోవాలె. ఉన్ని కత్తిరిస్తె మొదటి గొంగడి గడీకి. మీ ముత్తవ్వ ఉన్ని వడుక్కుంట నాకు జూపిస్తుండె, "గిది దొర పోగు, గిది మన పోగు" అని. నవ్వుకుంట చెప్తుండె. రెండు పోగులకు తేడా ఏముంటదని నేను కండ్లు పెద్దగ జేసి చూస్తుంటి.

పైసల ముచ్చట అసలే లేదు. కరువొచ్చి జొన్నలు నాగుకు తెస్తె, తూమెడుకు తూమున్నర కల్లం కాడనే కొలవాలె. ఒక ఏడు తప్పితె ఆ అరతూముకు సుత మల్ల నాగు. పట్వారి తాన ఎర్రగుడ్డల కట్టిన దస్త్రం ఉంటుండె. ఎవలికి ఎంత బాకి ఉన్నదో, ఏ చెలక ఎవలి పేరు మీదున్నదో, అంత అండ్లనే. ఊర్ల సదువొచ్చినోళ్లు లేకపాయె. సర్కారు సదువంటె ఉర్దూ, అది మన గొర్లకాడికి ఏడికెల్లొస్తది? గా ఎర్రగుడ్డ అంటె మా అందరికి భయం. పట్వారి దాన్ని చంకల వెట్టుకొని వాడకట్టుల నుంచి నడుస్తుంటె ముసలోళ్లు సుత లేసి నిలవడేది.

ఇగ సంగం. 1930ల జోగిపేటల మొదటి సభ వెట్టుకున్న ఆంధ్ర మహాసభ, ముందు పట్నంల సదువుకున్నోళ్ల ముచ్చట. మన దిక్కు వచ్చేటాళ్లకు సంగమై గుత్ప వట్టింది. పాలకుర్తి మనకు దూరమేం గాదు. ఆడ చాకలి ఐలమ్మ అని. కౌలుకు జేసుకున్న పొలం మీద విసునూరు దేశ్‌ముఖు కన్నేస్తె, పండిన పంట గడీకి పోనియ్యలే. సంగపోళ్లు నిలవడి కోతలు కోసి వడ్లు ఆమె ఇంటికి చేర్చిండ్రు. ఒక్క చాకలామె దేశ్‌ముఖు మాట కాదన్నదనే ముచ్చట ఎంత జల్ది పాకిందంటె, మా అవ్వ మా గొర్ల కొట్టం కాడ దాన్ని చెప్పుకుంట రోట్ల కారం దంచుతుండె. కారం ఎందుకో నాకప్పుడు ఎరుకలే. తర్వాత తెలిసింది, ఆడోళ్లు గూండాల కండ్లల్ల చల్లెతందుకు.

1946 జులై 4 నాడు కడవెండిల ఊరేగింపు మీద తుపాకులు పేల్చిండ్రు దొర మనుషులు. దొడ్డి కొమురయ్య ఆడనే పడ్డడు. మన కులపోడు. ఆ తర్వాత మా నాయిన సంగంల జేరిండు. ఎవలడిగినా "కొమురయ్య పోయినంక ఇంటికాడ ఉండబుద్ధి గాలె" అనేది, అంతే, ఇంకో మాట చెప్పకపోయేది. నేను వడిసెల తిప్పుడు మంచిగ నేర్చుకున్న. పిట్టల మీద తిప్పేది, సంగపోళ్లు అదే వడిసెల గూండాల మీద తిప్పమనె. బొమ్మల గది జూసి మీ తమ్ముడు నవ్విండు గద, రాళ్లతోని తుపాకులను కొడ్తరా అని. కొట్టిండ్రు. శాన ఊర్లల్ల మొదాలు అదే.

ఓనాడు మాపటీలి ఊరంత గడీ మీదికి పోయింది. నేను అవ్వ కొంగు వట్టుకొని ఎన్కనే. ఎవలు తలుపు పలగొట్టిండ్రో, ఎట్ల పోయిండ్రో నాకు సమజ్ గాలె, అందరి నడుములే కనవడుతుండె. దస్త్రాలన్ని తెచ్చి బయట కుప్పవోసి అగ్గివెట్టిండ్రు. కాయితాలు అంటుకునే ముందు ఎవలో గా ఎర్రగుడ్డ ఇప్పి అటు ఇసిరేసిండ్రు. అది నా కాళ్లకాడ వడ్డది. నేను ముట్టలే. మా అవ్వ తీసుకున్నది. తెల్లారి దాన్ని కత్తిరించి నాకు రొట్టె కట్టే సంచి గుట్టిచ్చింది. గా సంచి భుజానికేసుకొని గొర్లెంబడి పోతుంటె, పట్వారి ఎదురైతె ఏమనుకుంటడో అని భయం, అయితె బాగుండని సంబురం. ఆయిన ఊరిడిసి పోయిండాయె, ఎదురు వడనే లేదు.

ఇవన్ని ఇంటికాడ మంట ముందట చెప్పుకునే ముచ్చట్లే. పుస్తకం అయితయని ఎవలనుకున్నరు? కిషన్ చందర్ అని ఉర్దూల పెద్ద కథకుడు, బొంబాయిల ఉంటుండె. 1945ల హైద్రబాదుల జరిగిన అభ్యుదయ రచయితల సభకు వచ్చి పోయిండు, ఆ పయనం మీద ‘పౌదే’ అని ఒక పుస్తకమే రాసిండు. ఆ తర్వాత మన పోరాటం మీద ‘జబ్ ఖేత్ జాగే’ నవల. అండ్ల రాఘవరావు అని ఇరువై రెండేండ్ల రైతు పిలగాడు. జైల్ల ఉంటడు, తెల్లారితె ఉరి. గా ఒక్క రాత్రి గడిచిన బతుకంత తిరగేసుకుంటడు. తండ్రి వీరయ్య, వెట్టి, చంద్రి అనే లంబాడ పిల్ల, పట్నంల అచ్చరం ముక్క నేర్పిన మగ్బూల్ అనే కార్మిక సంగపాయిన. అసొంటోళ్లు పట్నంల నిజంగనే ఉండిరి. మఖ్దూం మొహియుద్దీన్ దిక్కు జూడు, షాయిరీ రాసెటోడు, మిల్లు కూలీల యూనియన్ నడిపెటోడు.

నేను దాన్ని తెలుగుల చదివిన, నిమ్మలంగ, ఎండకాలం మంద కాడ కూసోని. చెప్పొద్దూ, ఉరికి పోయే పిలగాని మనసు మస్తు పట్టుకున్నడు. తెల్లారుడు దగ్గెరవడుతుంటె మనకే గొంతు ఎండుతది. గనీ ఒకటి. అండ్ల ఒక్కడే పెద్దగ కనవడుతడు, ఊరు ఆయిన ఎన్క ఎక్కడో ఉంటది. మాకు తెలిసిన పోరాటం గట్ల లేకుండె. ఎవరు ముందున్నరో, ఎవరు ఎన్కున్నరో చూసెటోడే లేడు.

అయితే ‘మా భూమి’ అంటె శాన మంది నాటకం అనుకుంటరు. అది వేరు. సుంకర సత్యనారాయణ, వాసిరెడ్డి భాస్కరరావు కలిసి రాసిన నాటకం, 1947ల, ప్రజా నాట్యమండలోళ్లు ఆంధ్ర దిక్కు ఊరూర ఆడిండ్రు. ఈ బొమ్మకు పేరు అదే వచ్చింది గని కథ కిషన్ చందర్‌ది. పాపం ఆయిన చూడకపాయె, 1977లనే పోయిండు.

తీసినోళ్ల సంగతి గమ్మతుంటది. పైసలకు నిలవడ్డది బి. నర్సింగరావు, ఇంకొకాయిన రవీంద్రనాథ్. నర్సింగరావుది గజ్వేల్ దిక్కు ప్రజ్ఞాపూర్, దొరల ఇంట్ల పుట్టినోడు. గడీ లోపటి గోడలు ఎట్లుంటయో ఆయినకు చిన్నప్పటి నుంచి ఎరుకే. డైరెక్టరు గౌతమ్ ఘోష్, కలకత్త పిలగాడు, ముప్పై ఏండ్లోడు, అంతకుముందు డాక్యుమెంటరీలు తీసిండు గని పెద్ద బొమ్మ తియ్యలే. తెలుగు రాదు. మెదక్ దిక్కు మంగళపర్తిల తీసిండ్రు. ఊరోళ్లనే నిలవెట్టిండ్రు. గందుకే గా బొమ్మల జనం గుంపుగ నిలవడ్డప్పుడు చూడుండ్రి, ఎవరికి ఎవరు ఎంత దూరం నిలవడాల్నో, ఆడోళ్లు కొంగు ఎట్ల వట్టుకోవాల్నో ఎవలూ నేర్పలేదని తెలుస్తది. మద్రాసుల సెట్టింగు ఏసి ఊరు తీస్తె నీళ్ల బిందె ఎత్తుకున్న పిల్ల నడుము చూడంగనే తెలిసిపోతుండె, అండ్ల నీళ్లు లేవని.

పుస్తకంల రాఘవరావు బొమ్మల రామయ్య అయిండు. గా ఏశం కట్టిన సాయిచంద్ అప్పుడు పిలగాడే. నవలలు రాసిన త్రిపురనేని గోపీచంద్ కొడుకు. మీకు ఎరుకే ఉంటడు, ‘ఫిదా’ల బాన్సువాడ పిల్లకు తండ్రి. ఆఁ, గాయినే! తెలంగాణ శకుంతల అని తర్వాత గట్టి గొంతు తోని పేరు దెచ్చుకున్నామె ఉండె గద, ఆమెకు ఇదే మొదటి బొమ్మ.

బొమ్మ 1980 మార్చి 23 నాడు వచ్చింది, భగత్ సింగ్‌ను ఉరి తీసిన దినం. హైద్రబాదుల పొద్దటి ఆటకు ఏడాది పొడుగూత ఆడింది. మా చిన్నబాపు కొడుకు ఆడ సదువుకుంటుండె. ఇంటికి వచ్చి "పెద్దనాయినా, నీ కథ టాకీసుల ఆడుతున్నది, రా" అన్నడు మా నాయినతోని. నాయినకు అప్పటికి డెబ్బై దగ్గెర. జన్మల ఒకటి రెండు బొమ్మలు జూసిండేమో, అయి సుత దేవునియి. "నా కథ ఆళ్లకెట్ల ఎరుక?" అన్నడు. అన్నడు గని తెల్లారెటాళ్లకు గొంగడి భుజానేసుకొని తయారు.

బస్సు దిగి పోయినం. లోపల మస్తు మంది. సదువుకునే పోరగాండ్లు ఎక్కువ, నడుమ నడుమ మా అసొంటోళ్లు, దోతులు, రుమాళ్లు. లైట్లు బందువెట్టిండ్రు. మొదాల్ల నాయిన ఏం మాట్లాడలే. ఎడ్లు జూసి "మంచి ఎడ్లు" అన్నడు, గంతె. గడీ కనవడ్డది. దొర బయటికి వచ్చిండు. నా పక్కకు ఏదో కదిలిందని తిరిగి చూస్తె, నాయిన నెత్తి రుమాలు తీసి నడుముకు సుట్టుకుంటుండు. కాళ్లు సుత కుర్చి కిందికి ముడుచుకున్నడు. నేను చెయ్యి మీద చెయ్యేసిన. ఆయినకు అప్పుడు సోయొచ్చింది. "థూ" అన్నడు. మల్ల రుమాలు నెత్తికి సుట్టిండు, ముందటికంటె గట్టిగ, ఎన్క కూసున్నోడు "పెద్దమనిషి, కనవడ్తలేదు" అన్నదాక. ఎంత జెప్పినా ఇప్పలే. ఎన్కటోడే పక్క కుర్చీలకు జరిగిండు.

మాట ఇంటుంటె ఆయినకు ఇంకో ఇచ్చంత్రం. మన మాట మాట్లాడుతుండ్రు! మీకు ఇప్పుడు ఏ బొమ్మల జూసినా మన యాసనే, అండ్ల ఇంతేముంది అనిపిస్తది. అప్పట్ల బొమ్మల మన మాట వచ్చిందంటె వాడు రౌడన్న గావాలె, తాగుబోతన్న గావాలె, లేకుంటె నవ్వించెటోడన్న గావాలె. ఏడ్చెటోడు, పేమించెటోడు, కొట్లాడెటోడు మన మాట మాట్లాడుడు ఆనాడు ఇన్న. నాయిన మెల్లగ చెవుల అడిగిండు, "ఈళ్లు ఏ ఊరోళ్లు?" అని.

పాటల కాడ టాకీసు లేసి నిలవడ్డది. సుద్దాల హనుమంతు రాసిన పసులుగాసే పిలగాని పాట, సంధ్య అనే ఆమె పాడింది. హనుమంతు ఊరు మన పొంటే. గా కాలంలనే రాసిండు, మేం చిన్నప్పుడు ఇన్నదే. చింపిరి గుడ్డలు గట్టుకొని దొర పసులెంబడి తిరిగే పోరన్ని జూస్తుంటె నేను నన్నే జూసుకున్న అని చెప్తె అబద్ధమైతది. నేను గొర్లు గాసిన, అయి మా గొర్లు. మా పక్కింటి జీతగాడు యాదికి వచ్చిండు. తండ్రి బాకి తెర్పెతందుకు ఎనిమిదేండ్లకే గడీల జీతముండె. బువ్వ పెట్టె ముందు పసుల నీళ్లు తాగినయా అని అడుగుతుండ్రి. వాడు తాగిండా అని అడిగినోళ్లు లేకుండిరి. ఆ తర్వాత ఏమాయెనో, నిజాం దిక్కు కొట్లాడే రజాకార్లప్పుడు వాళ్లిల్లు ఊరిడిసింది, మల్ల రాలే.

ఇగ గద్దర్. తూప్రాన్ పిలగాడు, గుమ్మడి విఠల్ అసలు పేరు. గొంగడేసుకొని తెర మీదికి వచ్చి, బండి యాదగిరి ఆ రోజులల్ల దొర మీద, నిజాం మీద కట్టిన పాట అందుకున్నడు. నాయిన అప్పటిదాక మంచిగనే ఉండె. గద్దర్ గొంగడి జాడియ్యంగనే కుర్చీల ముందుకు ఒంగి "అగో, గొంగడి! మన గొంగడిరా!" అని నా తొడ మీద కొట్టుడు. ఆ పాట ఆడున్న పోరగాండ్లకు బొమ్మ పాట. నాయిన దాన్ని ఎరుకున్నోల్ల నోటెంబడి ఇన్నడు, రాత్రిపూట, కంచెల, దీపం లేకుంట. అందుకే పల్లవి మొత్తం తెర కంటె ముందే పాడుతుండు. పక్కన పోరగాండ్లు నవ్వలే. ఈయిననే సూస్తుండ్రి.

బొమ్మ తీసినోళ్లు పుస్తకాన్ని మార్చిండ్రు. జైలు రాత్రి తీసేసిండ్రు. మనిషిని ఊర్లె పుట్టించి, ఊరిడిపించి, సూర్యాపేట, హైద్రబాదు తిప్పి, రిక్ష తొక్కిచ్చి, మల్ల ఊర్లెకే తెచ్చిండ్రు. సదువుకున్నోళ్లు దాని మీద కొట్లాడిండ్రంట, నవలల అందం పోయింది అని. నాకైతె అదే సరైందనిపిస్తది. ఉరికొయ్య ముందట కూసోని యాది జేసుకునే కథల ఆఖరుకు ఏమైతదో మొదాలే తెలుసు, పానం అంత ఆ పిలగాని మీదనే ఉంటది. బొమ్మల గట్ల గాదు. రామయ్య లేని కాడ సుత ఊరు నడుస్తది. వాడు పట్నంల ఉన్నప్పుడు ఇక్కడ సంగం పెరుగుతది. మా ఊర్లె అయ్యింది గట్లనే.

మీ నాయినమ్మకు మాత్రం ఆ బొమ్మ మీద ఒక కోపముండె. ఆమె తర్వాత టీవీల చూసింది. చంద్రి దొర కాడికి పోయిందని తెలిసి రామయ్య ఊరిడిసిపోతడు గద. "వానికి కోపమొచ్చింది, కాళ్లున్నయి, పోయిండు. చంద్రి ఏడికి పోతది? దాని కథ ఎవలు తీస్తరు?" అన్నది. నేను ఏదో చెప్పవోతె "నీకు ఎరుకనా గడీల ఆడోళ్ల సంగతి?" అని అడిగింది. నాకు ఎరుక లేదు, గోడ బయట ఉన్నోన్ని. దొరసాని పుట్టింటి నుంచి వస్తె ఎంబడి దాసీలు వచ్చేది, పెట్టెలు బోళ్లు వచ్చినట్టే. ఆ పిల్లలు దొరకు, వచ్చిపోయే సుట్టాలకు. గా గోడ లోపటికి నర్సింగరావే మల్ల 1988ల పోయిండు, ‘దాసి’ తీసిండు, అర్చన ఏసింది, ఆమెకు దేశం మొత్తం మీద ఉత్తమ నటి ఇనాము వచ్చింది. మీ నాయినమ్మ అది జూసినంక నర్సింగరావును మన్నించింది. "ఇప్పుడు సరిపాయె" అన్నది.

సరే, ఆఖరుకు వస్త. మామూలుగ ఈ ముచ్చట చెప్పెటోళ్లు ఏడ ఆపుతరు? 1948 సెప్టెంబర్ 17 కాడ. 13 నాడు యూనియన్ మిలట్రి వచ్చింది, ఐదొద్దులల్ల నిజాం లొంగిండు, రజాకార్లు ఉరికిండ్రు, ఖాసిం రజ్వి దొరికిండు, అందరు జెండాలెగరేసిండ్రు, సుఖంగ ఉన్నరు. మేం సుత ఆనాడు ఎగిరినం, అబద్ధమెందుకు. రజాకార్లు పోయిండ్రంటె ఎగరమా? మా మేనమామ జొన్నచేన్ల పండుకొని పండుకొని ఈపంత దద్దులైనోడు, నిమ్మలంగ ఇంట్ల మంచం మీద పండుకున్నది ఆ రాత్రే. బొమ్మ మాత్రం ఆడ ఆగలే. ఇంకా నడిచింది. ఊరిడిసి పోయిన దొర మల్ల వచ్చిండు. ఈపారి నెత్తి మీద గాంధి టోపి.

గది రాంగనే నాయిన లేసి నిలవడ్డడు. "అగో! మల్లచ్చిండు! నేజెప్పలే?" అని ఒర్రిండు. ఎవలికి చెప్పిండో, ఎప్పుడు చెప్పిండో. టాకీసంత ఒక్కపారి గొల్లుమన్నది. ఎన్కనుంచి ఎవలో "చెప్పు తాతా, ఇంకా చెప్పు" అన్నరు. నాయిన నిజంగనే చెప్పవోయిండు, నేనే చెయ్యి వట్టి కూసోవెట్టిన.

మనూర్ల గట్లనే అయ్యింది మరి. జొన్నలు కోతకు రాకముందే మిలట్రి జీబుల దొర దిగిండు. తెల్లటి టోపి, తెల్లటి కద్దరు. సంగం పంచిన చెలకలు ఒక్కొక్కటి గుంజుకున్నడు. కాదన్నోళ్లను క్యాంపుకు తోలిచ్చిండు. మా నాయినను తీస్కపోయిండ్రు, తిరిగొచ్చేటాళ్లకు ఎడమ చెయ్యి పైకి లేవకపాయె. కొట్టింది నిజాం పోలీసు గాదు. కమ్యూనిస్టు నాయకుడు సుందరయ్య రాసిన పుస్తకంల లెక్కలున్నయి, 3000 ఊర్లల్ల సంగం రాజ్యం నడిచింది, 10 లక్షల ఎకరాలు పంచిండ్రు, 4000 మంది దాక పానాలిడిసిండ్రు అని. అండ్ల మిలట్రి వచ్చినంక పోయినోళ్లు తక్కువేం గాదు. 1951 అక్టోబర్ 21 నాడు పోరాటం ఆపేసినమని కమ్యూనిస్టు పార్టీ చెప్పింది. ఆపాల్నా, ముందే ఆపాల్నా, ఆపొద్దా, ఆ పంచాది మీ తాత తోని గాదు, మీ ముత్తాత తోని సుత గాలే. వాళ్లు పోయిండ్రు, పంచాది ఉన్నది.

నువ్వు పొద్దుగాల అడిగితివి, "మరి భూమి దొరికిందా?" అని. బొమ్మల చెప్పరు. నేను చెప్త. 1950ల హైద్రబాదు సర్కారు కౌలుదార్ల చట్టం తెచ్చింది. శాన ఏండ్ల సంది చేస్తున్న కౌలుదారును లేపొద్దు, రక్షిత కౌలుదారు అని కాయితంల పేరెక్కాలె. మా నాయిన పేరు ఎక్కింది. ఎట్లెక్కిందంటె, దస్త్రం కాలిపాయె గద! పాత కాయితం లేకపాయె, కొత్తది రాయాల్సి వచ్చింది, గప్పుడు ఊరోళ్లందరు నిలవడి ఈయిననే జేస్తుండె అని చెప్పిండ్రు. దొర కొట్లాడిండు, కచ్చేర్ల తిప్పిండు. నాయిన ఒక చెయ్యితోని సంతకం నేర్చుకున్నడు. ఆ తర్వాత 38ఇ సర్టిఫికెట్టు, అంటె భూమి కౌలుదారుదే అని రాసిచ్చే కాయితం, వచ్చేటాళ్లకు నాకు పిల్లలు పుట్టిండ్రు.

సంగం మాకు పంచింది పదెకరాలు. చేతికి వచ్చింది మూడు, కుంట కింద, ఇప్పుడు మీ పెద్దబాపు పత్తి ఏస్తున్నది. కడ్మ ఏడు ఆ రోడ్డు పొంటి ఉన్నది. పోయిన నెల వచ్చేటప్పుడు బస్సులకెల్లి జూస్తివి గద, తెల్ల రాళ్లు పాతి, రంగు జెండాలు గట్టి, గజం ఇంత అని బోర్డు వెట్టింది? అదే. అమ్మేటోడు దొర మనుమడు. మొన్న కారు ఆపి నన్ను అడుగుతుండు, "పెద్దమనిషి, మీ మూడెకరాలు సుత కలుపరాదు, మంచి రేటిప్పిస్త" అని.